అప్పీలు తేల్చమని చెప్పడానికీ హైకోర్టేనా?

సంపాదకులకు,

ప్రభుత్వ భూముల ఆక్రమణపై ఏళ్ల తరబడి నానుతున్న అప్పీలును ఇన్ని వారాల్లోగా తేల్చాలని హైకోర్టు అధికారులను ఆదేశించిందన్న వార్త పత్రికల లోపలి పేజీల్లో తరచూ కనిపిస్తుంది. చదివినవారు సమస్య తీరిందనుకుంటారు. నిజానికి ఆ భూమి ఎవరిదో కోర్టు చెప్పలేదు, చెప్పవలసిన వారిని చెప్పమంది, అంతే. తన బల్ల మీది ఫైలు అధికారి విప్పాలంటే ఎవరో ఒకరు వకీలును పెట్టుకుని హైకోర్టులో రిట్ పిటిషన్ వేయాలన్నమాట.

1905 నాటి భూ ఆక్రమణల చట్టం ఉద్దేశమే వేగం. 7వ సెక్షన్ కింద నోటీసు, సంజాయిషీ విన్నాక 6వ సెక్షన్ కింద ఖాళీ చేయించడం, దానిపై 10వ సెక్షన్ కింద పై రెవెన్యూ అధికారికి అప్పీలు. హక్కు గురించి నిజమైన వివాదం ఉన్నచోట ఈ దగ్గరి దారి పనికిరాదని తుమ్మల కృష్ణారావు కేసులో 1982లోనే సుప్రీంకోర్టు చెప్పింది. ఆ వివాదం నిజమో బొంకో అప్పీలు వినకుండా తేలేదెలా?

రెవెన్యూలో చాలాకాలం పనిచేశాను. చెరువు శిఖంలో, అంటే నీరు నిలిచే భూమిలో, ప్రహరీ కట్టిన ఒకాయన అప్పీలు వేసి స్టే తెచ్చుకున్నాడు. మొదటి వాయిదా నాడు అధికారికి ఎన్నికల పని. రెండోసారి మంత్రిగారి పర్యటన. ఆపైన బదిలీ. కొత్తగా వచ్చినవారి ముందు వాదన మళ్లీ మొదటికి. ఈలోగా ప్రహరీ లోపల మేడ లేచింది, కరెంటు మీటరు వచ్చింది, ఇంటి పన్ను రసీదు పుట్టింది. చివరికి ఆ రసీదునే సాక్ష్యంగా చూపించాడు! పోరంబోకులో గుడిసె వేసుకున్న ఒక వృద్ధురాలి అప్పీలూ అదే కట్టలో ఉండేది. ఆమెకు ప్రతి వాయిదా ఒక రోజు కూలి. ఇస్తారో ఇవ్వరో ఏదో ఒకటి చెప్పండి బాబూ అనేది. ‘తదుపరి వాయిదాకు’ అని ఆ ఫైళ్ల మీద రాసిన చేతుల్లో నాదీ ఒకటి.

కోర్టు గడువు మెడ మీదికి వచ్చాక జరిగేది ఇంకా విడ్డూరం. ‘రికార్డులు పరిశీలించి అప్పీలు తిరస్కరించడమైనది’ అని రెండు ముక్కల ఉత్తర్వు వెలువడుతుంది. కారణాలు లేవని కోర్టు దాన్ని కొట్టేసి మళ్లీ వినమంటుంది. గడువు దాటితే ధిక్కరణ పిటిషన్, బేషరతు క్షమాపణ, మరికొంత వ్యవధి. ప్రభుత్వ వకీలు ఫీజు మాత్రం ఖజానాదే.

స్టే ఇచ్చిన రోజే విచారణ తేదీ కూడా వేయాలి. అప్పీలు ఎప్పుడు వచ్చింది, ఎన్నిసార్లు వాయిదా పడింది, ఎవరి వల్ల పడింది అన్నవి నెలనెలా కార్యాలయం బయట బోర్డు మీద రాయాలి. కారణం లేని జాప్యమని కోర్టు తేల్చినచోట ఖర్చులు ఆ అధికారి జీతంలోంచే కట్టించాలి.

– ఒక విశ్రాంత రెవెన్యూ ఉద్యోగి