సరిహద్దు గద్వాల అంటే కరువు ఒక్కటేనా?

సంపాదకులకు నమస్కారం.

కృష్ణా, తుంగభద్రల నడుమ, ఇటు రాయచూరుకూ అటు కర్నూలుకూ చేరువగా ఉండి, 2016లో జిల్లా కేంద్రమైన మా గద్వాలను సినిమాలూ సీరియళ్లూ ఎక్కువగా బీడు భూములుగా, వలస బస్సులుగా, నవ్వించడానికి పనికొచ్చే యాసగా మాత్రమే చూపడం మనసుకు కష్టంగా ఉంది. వలస అబద్ధం కాదు. మా ఇంట్లోనూ ఉంది. అయితే సంస్థాన కాలంలో పండితులను ఆదరించి ‘విద్వద్గద్వాల’గా పేరుపొందిన ఊరు కూడా ఇదే. మా వీధిలో నేతన్న నూలు చీరకు పట్టు అంచును పోగు పోగునా కలుపుతూ, వచ్చినవారితో ఒక మాట తెలుగులో, ఒక మాట కన్నడంలో మాట్లాడతాడు. ఆ మగ్గం చప్పుడునూ, ఆ పలుకునూ ఉన్నదున్నట్టు తెరకెక్కించాలని రచయితలనూ దర్శకులనూ కోరుతున్నాను.

— ఒక పాఠకుడు, గద్వాల