కూర్పు చేసినావిడ పేరేదీ?

సంపాదకుల వారికి నమస్కారం.

పోయిన ఆదివారం మీ అనుబంధంలో డిజిటల్ అరెస్టు మోసాల మీద వచ్చిన వ్యాసం చదివాను. చాలా బాగుంది. అందులో 'బ్లాగాస్ లెసన్స్' అనే బల్గేరియా సినిమా గురించి ఒక పేరా రాశారు. దర్శకుడు స్తెఫాన్ కొమాండరెవ్ పేరు, నటి ఎలి స్కోర్చెవా పేరు, 2023లో కార్లోవీ వారీ చిత్రోత్సవంలో సినిమాకి అక్కడి పెద్ద బహుమతి క్రిస్టల్ గ్లోబ్, ఆవిడకి ఉత్తమ నటి అవార్డు వచ్చిన సంగతి అన్నీ ఉన్నాయి. ఎడిటర్ నీనా అల్తాపర్మకోవా పేరు మాత్రం ఎక్కడా లేదు. ఇంగ్లీషు పేపర్లు కూడా ఏమంత మెరుగు కాదు. అయినా 30 ఏళ్లుగా మీ చందాదారుణ్ణి కాబట్టి అడిగే చనువు మీ దగ్గరే ఉంది.

నేను రిటైరైన తెలుగు పండిట్‌ని. సినిమాలో బ్లాగా కూడా రిటైరైన భాషా టీచరే, ఉండేది షూమెన్ అనే ఊళ్లో. "తాతయ్యా, ఇది నీ కథే" అంటూ మా మనవరాలు లాప్‌టాప్‌లో పెట్టి చూపించింది. బ్లాగా భర్త పోయాడు. ఆయన సమాధికి స్థలం కొనాలని ఆవిడ తాపత్రయం. ఇంతలో ఫోన్ మోగుతుంది. అవతలివాడు పోలీసునంటాడు. మాటల్లో పెట్టి, దాచుకున్న డబ్బంతా బాల్కనీలోంచి కిందికి విసిరేయిస్తాడు. ఆ తర్వాత ఆవిడ ఏం చేసిందో చెప్పను, చూడనివాళ్లు చూడాలి.

ఆ ఫోన్ సీను నడుస్తున్నంతసేపూ నాకు చెమటలు పట్టాయి. నిరుడు నాకూ అలాంటి కాల్ వచ్చింది లెండి. నా పేరు మీద వచ్చిన పార్సిల్లో ఏదో దొరికిందట, లైన్ కట్ చేస్తే కేసట. నలభై నిమిషాలు ఫోన్ చెవి దగ్గర పెట్టుకుని నిలబడ్డాను. వంటింట్లో కుక్కర్ కూతలు వినిపిస్తూనే ఉన్నాయి, స్టవ్ కట్టేయాలన్న ధ్యాస లేదు. పాలప్యాకెట్‌తో వచ్చిన మా ఆవిడ ఫోన్ లాక్కోబట్టి బతికాను. ఆలోచించుకునే సందు ఇవ్వకపోవడమే వాళ్ల ఎత్తు. సినిమా కూడా మనకి ఆ సందు ఇవ్వదు. ఆవిడ ముఖం మీద ఎంతసేపు నిలవాలి, ఏ క్షణంలో పక్కకి తిరగాలి అన్న లెక్క ఒక్క అరక్షణం తప్పినా ఆ టెన్షన్ ఉండదు. ఆ లెక్క చూసేది ఎడిటింగ్ గదిలోనే. పక్కన దర్శకుడు కూర్చుంటాడు, కాదనను.

ఎవరీవిడ అని మనవరాలి చేత వెతికించాను. 2008లో ఇదే కొమాండరెవ్ తీసిన ఒక సినిమాకీ ఎడిటర్ ఈవిడే. దాని పేరు కొల్లేటి చాంతాడంత: 'ద వరల్డ్ ఈజ్ బిగ్ అండ్ సాల్వేషన్ లర్క్స్ అరౌండ్ ద కార్నర్'. విదేశీ చిత్రాల ఆస్కార్‌కి వడపోసిన తొమ్మిది సినిమాల్లో అదొకటి. కారు ప్రమాదంలో జ్ఞాపకం పోయిన కుర్రవాణ్ణి తాత ఇద్దరు తొక్కే సైకిల్ మీద జర్మనీ నుంచి సొంతూరికి తీసుకొస్తాడు. ఆ ప్రయాణం ఒకవైపు, కమ్యూనిస్టు ప్రభుత్వం ఉన్నప్పుడు ఆ కుటుంబం దేశం వదిలి పారిపోయిన రోజులు ఇంకోవైపు. రెండూ జడపాయల్లా అల్లుకుని నడుస్తాయి, ఎక్కడా చిక్కుపడవు.

2017లో వచ్చిన 'డైరెక్షన్స్' తీరు వేరు. కాన్ చిత్రోత్సవంలో 'అన్ సర్టెన్ రిగార్డ్' విభాగంలో వేశారు. సోఫియా నగరంలో టాక్సీ డ్రైవర్ల కథలు, పొడవాటి టేకులు. కోతలే తక్కువైన సినిమాలో ఎడిటర్‌కి ఏం పని అని నేనూ అనుకున్నాను. ఆలోచిస్తే, ఏ కథ తర్వాత ఏ కథ రావాలి, ఒక్కో సవారీ ఏ మాట దగ్గర ఆగాలి అన్నది తేలాలి కదా. బల్గేరియన్‌లో ఈ పనిని 'మోంటాజ్' అంటారు. ఫ్రెంచి నుంచి వెళ్లిన మాట, అమర్చడమని అర్థం. మన పాత సినిమా టైటిల్స్‌లో 'కూర్పు' అని పడేది గుర్తుందా? అదే సరైన మాట. కత్తెర అనేసి ఆ పనిని చిన్నది చేశాం. 2019లో పోలీసు పెట్రోలింగ్ కార్ల మీద వచ్చిన 'రౌండ్స్', ఆ తర్వాత బ్లాగా కథ కూడా ఇదే జోడీ. పదిహేనేళ్లు ఒకే దర్శకుడి పక్కన కూర్చున్న మనిషి పేరు ఒక పేరాలో పట్టదా?

మన సినిమాలకైతే సమీక్ష పైన పెట్టెలో 'ఎడిటింగ్' అని పేరు వేస్తారు, నిజమే. కింద సమీక్షలో మాత్రం ఎడిటర్ ఊసు ఎప్పుడొస్తుంది? "కత్తెరకు ఇంకాస్త పని చెప్పాల్సింది" అని తిట్టేటప్పుడు. సినిమా పరుగెడితే ఆ మెప్పు దర్శకుడికి, సాగితే ఆ తిట్లు ఎడిటర్‌కి. రెండు పాటలు, ఒక ఫైటు తీసేయనివ్వంది ఎవరో లోకానికంతా తెలుసు. జాతీయ అవార్డులు ఎన్నోసార్లు అందుకున్న మన ఎడిటర్ శ్రీకర్ ప్రసాద్ గారి ఫొటో చూపిస్తే మా వీధిలో ఒక్కరూ పోల్చుకోలేరు. ఓటీటీల్లో అయితే పేర్లు మొదలయ్యేసరికే తెర కుంచించుకుపోయి ఓ మూలకి చేరుతుంది. మనవరాలు వెనక్కి జరిపి ఆపితే తప్ప ఈ పేరు నా కంటబడేది కాదు.

నేనడిగేది రెండు మాటలే. సినిమా నడక బాగుందని రాసినప్పుడు నడిపించిన ఎడిటర్ పేరూ ఆ వాక్యంలోనే రాయండి. విదేశీ సినిమా గురించి రాసేటప్పుడు దర్శకుడి పేరు పక్కన ఎడిటర్ పేరుకీ చోటివ్వండి. వచ్చే ఆదివారం సవరణ వేయదలిస్తే 'కూర్పు: నీనా అల్తాపర్మకోవా' అని ఒక్క లైను చాలు. అచ్చుతప్పు పడకుండా చూడండి, పేరు కాస్త పెద్దది.

ఇట్లు,
మీ పాత చందాదారు,
తెనాలి