ఆదివారం పేజీలో చదరంగం సమస్యకు చోటివ్వండి

సంపాదకులకు,

మీ ఆదివారం అనుబంధంలో సుడోకుకీ గళ్ళ నుడికట్టుకీ చాలా ఏళ్ళుగా చోటుంది. ఈమధ్య సుడోకులు రెండయ్యాయి కూడా. ఆ రెండోదాన్ని తీసేసి, ఆ జాగాలో వారానికొక చదరంగం సమస్య వెయ్యమని అడగడానికే ఈ ఉత్తరం. సుడోకు అభిమానులు నన్ను తిట్టుకుంటారేమో గానీ, వాళ్ళకి ఒకటి మిగిలే ఉంటుంది కదా.

హంపి, హరిక, హరికృష్ణ, అర్జున్ ఎరిగైసి గెలిచినప్పుడు మీ క్రీడాపేజీలో వాళ్ళ ఆట గురించి నాలుగు ముక్కలు వస్తాయి. సంతోషమే. నేను అడిగేది అది కాదు. ఆటలోంచి ఎత్తుకొచ్చిన స్థితి వేరు, ఒకరు పనిగట్టుకుని కూర్చిన సమస్య వేరు. కూర్చిన సమస్యలో పనిలేని పావు ఒక్కటీ ఉండకూడదు. మొదటి ఎత్తు ఒకే ఒక్కటి పనిచెయ్యాలి. ఆ ఎత్తు కూడా చెక్ చెప్పడం లాంటి మోటు ఎత్తయితే రసికులు పెదవి విరుస్తారు. అవధానంలో సమస్య ఇచ్చే పృచ్ఛకుడి కొంటెతనమే ఇక్కడా ఉంటుంది: పైకి అసంభవంలా కనబడాలి, లోపల దారి ఉండి తీరాలి.

ఇందులో పత్రికల పనేమిటని అడగొచ్చు. చాలా ఉంది. 1895లో గ్లాస్గో వీక్లీ సిటిజన్ అనే పత్రికలో చదరంగం శీర్షిక నడిపిన బార్బియే ఒక స్థితి వేసి, ఆట సమం అని తేల్చాడు. వీలైతే బల్ల మీద పేర్చుకోండి. తెల్లవాళ్ళ వైపు నుంచి చూస్తే నిలువు వరుసలు ఎడమ నుంచి ఎ మొదలు హెచ్ దాకా, అడ్డ వరుసలు కింది నుంచి 1 మొదలు 8 దాకా. తెల్ల రాజు బి6, బంటు సి7. నల్ల రాజు ఎ1 మూలన, నల్ల ఏనుగు (రూక్) డి5లో. ఎత్తు నల్లవాళ్ళది. ఏనుగు డి6కి వచ్చి చెక్ చెబుతుంది. తెల్ల రాజు బి5, బి4, బి3 అంటూ మెట్లు దిగుతుంటే ఏనుగు కూడా వెంటపడి చెక్ చెబుతూనే ఉంటుంది. చివరికి రాజు సి2కి చేరతాడు, చెక్‌లు అయిపోతాయి, ఇక బంటు చివరి వరుస చేరి మంత్రి కావడమే తరువాయి. అప్పుడు నల్ల ఏనుగు నింపాదిగా డి4కి వెళ్ళి కూర్చుంటుంది. బంటు మంత్రి అయిందా, ఏనుగు సి4లో తనను తానే బలి ఇస్తుంది. మంత్రి దాన్ని తింటే నల్ల రాజుకి కదలడానికి గడి ఉండదు, చెక్ కూడా ఉండదు. స్టేల్‌మేట్, అంటే ఆట సమం! బార్బియే లెక్క ఇదే.

అదే ఊళ్ళో ఉంటున్న ఫెర్నాండో సావెద్రా అనే స్పెయిన్ దేశపు మతాచార్యుడు ఆ శీర్షిక చదివాడు. ఆటగాడిగా ఆయనకేమీ పేరు లేదు. చివరి వరుస చేరిన బంటు ఏనుగు కూడా కావచ్చు కదా, దాన్ని మంత్రి చెయ్యకండి, ఏనుగు చెయ్యండి అన్నాడు. ఇప్పుడు ఎ8 నుంచి ఆటకట్టు బెదిరింపు. దాన్ని ఆపడానికి నల్ల ఏనుగు ఎ4కి రావాల్సిందే. తెల్ల రాజు బి3కి జరిగితే ఒకవైపు ఆ ఏనుగు పోతుంది, ఇంకోవైపు సి1లో ఆటకట్టు. రెండూ ఆపలేరు. ఈ ఒక్క ఎత్తుతో ఆయన పేరు నిలిచిపోయింది. శీర్షిక ఉండబట్టి, పాఠకుడు దిద్దబట్టి.

మన దేశం నుంచి వెళ్ళిన ఉత్తరం సంగతీ చెప్పాలి. 1845లో ఢిల్లీ నుంచి ‘షాగిర్ద్’ అనే మారుపేరుతో ఒక సమస్య హోవర్డ్ స్టాంటన్ లండన్‌లో నడుపుతున్న చెస్ ప్లేయర్స్ క్రానికల్‌కి చేరింది. పంపింది హెన్రీ అగస్టస్ లవ్‌డే అనే మతాచార్యుడు. తెల్లవాళ్ళు ఒక పావును దూరంగా వెనక్కి పంపి, దానికి అడ్డంగా మరో పావును తామే పెట్టుకుంటారు. నల్ల రాజుకి కదిలే వీలు మిగలడానికి. తర్వాత ఆ అడ్డు తీస్తూనే ఆటకట్టు. నేటికీ ఆ పన్నాగాన్ని ‘ఇండియన్’ అనే పిలుస్తారు.

ఫోన్‌లో ఇంజిన్ (చదరంగం ఆడే ప్రోగ్రామ్) జవాబు క్షణంలో చెప్పేస్తుంటే ఇదంతా ఎందుకనేవాళ్ళున్నారు. సుడోకు కూడా క్షణంలోనే చెబుతుంది, ఎవరైనా మానేశారా? పైగా ‘హెల్ప్‌మేట్’ అనే రకం ఉంది. అందులో నల్లవాళ్ళు ముందు ఆడతారు, ఇద్దరూ కూడబలుక్కుని నల్ల రాజునే కట్టించాలి. గెలవడం కోసమే ఆడే మామూలు ఇంజిన్‌కి అది అయోమయం. ఇక శిక్షకుల మాట: ఇవి నేర్చుకుంటే రేటింగ్ (ఆటగాడి బలాన్ని చెప్పే అంకె) పెరగదట. గ్రాండ్‌మాస్టర్ జాన్ నన్ సమస్యల సాధనలో మూడుసార్లు ప్రపంచ విజేత అయ్యాడు, 2004, 2007, 2010లలో. ఆయన ఆట ఏమీ చెడిపోలేదు. అసలు ప్రతిదానికీ రేటింగ్ గొడవేమిటి? పిల్లవాడు ఆదివారం పూట ఒక సమస్య బొమ్మ ముందు కూర్చుని తల గోక్కుంటే చాలదా?

వేసేటట్లయితే కూర్చినవాళ్ళ పేరు, సంవత్సరం వెయ్యండి. పద్యానికి కవి పేరు వేస్తాం కదా. జవాబు అదే పేజీ అడుగున తలకిందులుగా కాకుండా వారం తర్వాత ఇవ్వండి, సరిగ్గా పంపినవాళ్ళ పేర్లతో సహా. బొమ్మను చదరంగం తెలిసినవారితో ఒకసారి సరిచూపించండి. ఒక పత్రికలో ఇలాంటిది కొన్నాళ్ళు నడిచి, అచ్చులో బంట్లు ఎగిరిపోతూ, జవాబులు రెండేసి వస్తూ, సవరణ లేక ఆగిపోయింది. జిల్లా టోర్నమెంట్లు నడిపేవారికీ ఒక మాట: రౌండుకీ రౌండుకీ మధ్య పిల్లలు వరండాల్లో ఖాళీగా తిరుగుతుంటారు. నాలుగు సమస్యలు అచ్చువేసిన కాగితం, పెన్సిల్, గడియారం ఉంటే సాధన పోటీ పెట్టొచ్చు. ఖర్చు జిరాక్స్‌కే.

మొదటి వారానికి నేనే ఒకటి ఇస్తున్నాను, 1921లో రిచర్డ్ రేటి కూర్చినది. తెల్ల రాజు హెచ్8, బంటు సి6. నల్ల రాజు ఎ6, బంటు హెచ్5. తెల్లవాళ్ళు ఆడి ఆటను సమం చెయ్యాలి. నల్ల బంటును అందుకోలేం, మన బంటును కాపాడుకోలేం అనిపిస్తుంది. జవాబు వచ్చే ఆదివారం వెయ్యండి.

— ఒక పాఠకుడు, తెనాలి