మంత్రిగారూ, మాకు రావాల్సిన ఆ ఒక్క షో ఏది?

గౌరవనీయులైన రాష్ట్ర సినిమాటోగ్రఫీ శాఖ మంత్రి గారికి,

నమస్కారం. ఇది నా నాలుగో అర్జీ. ముందు ఇచ్చిన మూడింటికీ జవాబు రాలేదు. అందుకే నలుగురూ చదివేలా రాస్తున్నాను.

2022 మార్చి జీవో మీకు తెలిసిందే. హాలు వాళ్లు రోజుకి ఐదు షోలు వేస్తే అందులో ఒకటి 20 కోట్ల లోపు సినిమాకి ఇవ్వాలి. అదీ ఉదయం 11కీ రాత్రి 9కీ మధ్య. మా సినిమాకి మొత్తం అయింది 38 లక్షలు. ఎరోటిక్ థ్రిల్లర్, పెద్దలకు మాత్రమే అనే ‘A’ సర్టిఫికెట్. ఆ షో కోసం సినిమా పంపిణీ ఆఫీసులుండే మా గాంధీనగర్‌లో మేం ఎక్కని మెట్లు లేవు. చివరికి ఐదు షోలు వేసే ఒక హాలు వాళ్లు పొద్దున ఎనిమిదిన్నర ఆట ఇచ్చారు. "ఆ టైపు బొమ్మకి అదే ఎక్కువ" అన్నారు.

ఆ టైపు అంటే ఏ టైపు సార్? మొగల్రాజపురంలో రెండు గదుల పోర్షన్ అద్దెకు తీసుకుని పదహారు రాత్రుల్లో తీశాం. భర్త పేరున బీమా, ఇంట్లో ఒంటరిగా భార్య, పై వాటాలో కొత్తగా దిగిన కుర్రాడు. డబ్బు లేనప్పుడు వెలుగుతో, చప్పుడుతోనే భయం పుట్టించాలి. పడకగదిలో ఒక్క జీరో బల్బు, ఆమె వీపు మీద కిటికీ ఊచల నీడ. ఇద్దరూ దగ్గరవుతుండగా కరెంటు పోతుంది. అప్పటిదాకా కిర్రుమంటున్న ఫ్యాను ఆగి, మెట్ల మీద చెప్పుల చప్పుడు వినపడుతుంది. కెమెరా వాళ్లని వదిలేసి తలుపు గడియ మీద ఆగుతుంది. కోరిక లేకపోతే ఆ గడియని చూసి ఎవరికీ టెన్షన్ రాదు సార్. ఆ రాత్రి గదిలో కెమెరామన్, నేను, ఒక లేడీ అసిస్టెంట్, అంతే. ఏ షాట్ ఎంతవరకో నటి ముందే కాగితం మీద రాయించుకుంది.

సెన్సార్ వాళ్లు చూసి, 18 నిండినవాళ్లకి సరేనన్నారు. ఇంకెవరు ఒప్పుకోవాలి? మాది ఆడవాళ్ల కథ. ఇంట్లో వంటా, క్యారేజీలూ వదిలేసి ఎనిమిదిన్నరకి ఎవరొస్తారు? పైగా హాలు బయట మా పోస్టర్ పీకేసి, సినిమాలోనే లేని బొమ్మ అంటించారు. మా హీరోయిన్ తెనాలి నుంచి వాళ్లమ్మని తీసుకొచ్చింది. ఆ పోస్టర్ చూసి, ఆటో దిగకుండానే వెనక్కి వెళ్లిపోయారు.

ఐదో ఆట ఎవరికి, ఏ టైముకి ఇస్తున్నారో హాళ్లకి మనిషిని పంపి చూపించండి. మా పోస్టర్ మాకు పెట్టించండి. శుక్రవారం సినిమా ఎత్తేస్తారు. ఈలోగా ఒక్క ఫస్ట్ షో ఇప్పించండి సార్. ఆ తల్లిని మళ్లీ పిలుచుకొస్తాం.

ఇట్లు,
ఒక చిన్న సినిమా దర్శకుడు,
విజయవాడ