ఆ లఘు చిత్రాలను పేర్లతో సహా చూపాలి

సంపాదకులకు నమస్కారం.

జాజ్ సంగీతం గురించి మన పత్రికల్లో వ్యాసాలు వచ్చినప్పుడు రికార్డుల ప్రస్తావనే తప్ప, అమెరికాలో నల్లజాతి కళాకారులతో తీసిన లఘు సంగీత చిత్రాల ఊసు దాదాపు ఉండదు. గాయని బెస్సీ స్మిత్ పాడుతుండగా తెరమీద చూడాలంటే 1929 నాటి ‘సెయింట్ లూయిస్ బ్లూస్’ ఒక్కటే దిక్కు. ఆమె మరే చిత్రంలోనూ నటించలేదు.

హాలీవుడ్ పెద్ద చిత్రాల్లో నల్లజాతి గాయని లీనా హార్న్ పాటలను కథకు అంటకుండా విడిగా అమర్చేవారు. వర్ణవివక్ష ఉన్న అమెరికా దక్షిణాది రాష్ట్రాల థియేటర్లు వాటిని కత్తిరించినా కథకు లోటు రాకూడదన్నది నిర్మాతల లెక్క. ఆల్బర్ట్ అమ్మన్స్, పీట్ జాన్సన్ పియానోలతో 1941లో తీసిన ‘బూగీ వూగీ డ్రీమ్’లో ఆమెను తీసేస్తే చిత్రమే మిగలదు. అయినా అందులో ఆమెకు దక్కింది గిన్నెలు తోమే మనిషి వేషం! 1944 నాటి ‘జామిన్ ద బ్లూస్’లో శాక్సోఫోన్ వాద్యకారుడు లెస్టర్ యంగ్ తదితర నల్లజాతి కళాకారులతో కలిసి వాయించిన ఒకే ఒక్క తెల్లజాతి గిటారిస్టు బార్నీ కెసెల్‌ను, ఆ కలయిక తెరమీద స్పష్టంగా కనబడకూడదని నీడలోనే ఉంచారు.

1940ల్లో పది సెంట్లు వేస్తే ఒక పాట చూపే పనోరమ్ యంత్రాల కోసం తీసిన ‘సౌండీ’ల సంగతి మరొకటి. బొమ్మ అద్దాల మీదుగా వెళ్లి తెర వెనక నుంచి పడేది కనుక ప్రింటులోనే కుడి ఎడమలు తారుమారు చేసేవారు. ఆ ప్రింటును సరిచేయకుండా చూపితే, బూగీ వూగీ అనే పియానో శైలికి ప్రాణమైన ఎడమచేతి మంద్ర స్వరాలు కుడిచేత్తో పలుకుతున్నట్టు కనబడతాయి. పియానో నేర్చుకునేవారికి ఇది చిన్న నష్టం కాదు.

మన ఫిల్మ్ సొసైటీలు, విశ్వవిద్యాలయాల సినిమా విభాగాలు ఈ చిత్రాలను ప్రదర్శించాలని కోరుతున్నాను. పైన చెప్పిన మూడు చిత్రాలూ కలిపినా గంట పట్టదు. సౌండీలను కూడా చేర్చితే బొమ్మ సరైన దిశలో ఉందో లేదో ముందే చూసుకోవాలి. ప్రతి వాద్యకారుడి పేరూ ముద్రించి ప్రేక్షకులకు అందించాలి. మీ పత్రిక కూడా ఇలాంటి ఫోటోల కింద ‘జాజ్ బృందం’ అని సరిపెట్టకుండా, డ్రమ్స్ ముందున్నది జో జోన్సో, సిడ్నీ క్యాట్లెట్టో తేల్చి వేయాలని మనవి.

– ఒక పాఠకుడు, వరంగల్