ఆ హెచ్చరిక మామూలేనట!

ఎడిటర్ గారికి,

పోయిన నెల జగదాంబ దగ్గర ఒక షాపులో మా అమ్మ కోసం సెకండ్ హ్యాండ్ ఫోన్ కొన్నాను. ఆన్ చేసినప్పుడల్లా నల్లటి స్క్రీన్ మీద ఇంగ్లీషులో ఏదో హెచ్చరిక కనబడి కాసేపటికి పోతోంది. అడిగితే "అది మామూలేనండి, పవర్ బటన్ నొక్కేయండి, తొందరగా పోద్ది" అన్నాడు షాపతను, నేనూ నమ్మేశాను. తీరా ఇంటికొచ్చాక బ్యాంకు యాప్ తెరుచుకోదు, అమ్మేమో పింఛను పడిందో లేదో చూడమని ఒకటే గోల.

మద్దిలపాలెం నుంచి మా మేనల్లుడు వచ్చి ల్యాప్‌టాప్‌కి కేబుల్ పెట్టి చూశాడు. "మావయ్యా, బూట్‌లోడర్ అన్‌లాక్ చేసి కస్టమ్ రోమ్ ఎక్కించారు, వెరిఫికేషన్ (తనిఖీ) కూడా ఆపేశారు" అన్నాడు. బూట్‌లోడర్ అంటే ఫోన్ ఆన్ కాగానే ముందుగా నడిచే ప్రోగ్రాం, దాని తాళం తీస్తేనే కంపెనీది కాని సాఫ్ట్‌వేర్, అదే కస్టమ్ రోమ్, ఎక్కించగలరట. ఆ హెచ్చరిక దాని గురించేనట, బ్యాంకు యాప్ తెరుచుకోకపోవడమూ అందుకేనట. ఫోన్ ఆన్ అయ్యేటప్పుడు లోపలి సాఫ్ట్‌వేర్ కంపెనీ సంతకం ఉన్నదేనా, మధ్యలో ఎవరైనా చెయ్యి పెట్టారా అని మెట్టు మెట్టుకీ చూసుకుంటూ వస్తుందట, ఆ లెక్కలన్నీ వీబీమెటా అనే చిన్న భాగంలో ఉంటాయి. సాఫ్ట్‌వేర్ మారిస్తే లెక్క కుదరక ఫోన్ మొరాయిస్తుంది కాబట్టి, కేబుల్ పెట్టి సాఫ్ట్‌వేర్ మార్చే మోడ్ అయిన ఫాస్ట్‌బూట్‌లో ఒక్క కమాండుతో ఆ తనిఖీనే తీసేస్తారు. 2016లో వచ్చిన ఆండ్రాయిడ్ 7 నుంచి గట్టిగా అమలవుతున్న తనిఖీ ఇది. తీసేశాక లోపలి ఫైళ్లు ఎవరు మార్చినా ఫోన్ కిక్కురుమనదు.

కస్టమ్ రోమ్ తప్పని నేననను. కంపెనీ అప్‌డేట్లు ఆపేసిన పాత ఫోన్లకి లీనేజ్‌ఓఎస్ లాంటి కస్టమ్ రోమ్ ఎక్కించి ఇంకో రెండేళ్లు లాగించే కుర్రాళ్లున్నారు, మావాడూ అదే బాపతు. అన్‌లాక్ చేస్తే డేటా మొత్తం పోతుందని వాళ్లకి తెలుసు, ముందే బ్యాకప్ తీసుకుంటారు, వచ్చే తిప్పలు వాళ్లే పడతారు. ఏమీ తెలియని డెబ్బై ఏళ్ల మనిషికి నోరు విప్పి చెప్పకుండా అంటగట్టడమే నాకు మండింది.

"పోనీ మళ్లీ లాక్ చేసేయరా" అంటే వాడు తల పట్టుకున్నాడు. కస్టమ్ రోమ్ ఉండగా లాక్ చేస్తే ఫోన్ అసలు లేవకపోవచ్చట, ముందు కంపెనీ సాఫ్ట్‌వేర్ పూర్తిగా ఎక్కించాకే లాక్ చేయాలి. ఆదివారం మధ్యాహ్నమంతా దానికే పోయింది, అమ్మ పెట్టిన టీలు మూడు.

షాపువాళ్లు బిల్లు మీద "సాఫ్ట్‌వేర్ మార్చినది" అని ఒక్క ముక్క రాస్తే ఏం పోతుంది? పాత ఫోన్ కొనేవాళ్లు కూడా డబ్బులిచ్చే ముందే ఒకసారి ఆపి ఆన్ చేయించి, ఆ మొదటి స్క్రీన్ మీద ఏముందో చదవండి.

తర్వాత వెళ్లి నిలదీస్తే షాపతను అన్నది ఇదీ: "బ్యాంకు పనికని మీరు ముందు చెప్పలేదు కదండీ!"

– ఒక పాఠకుడు, సీతమ్మధార, విశాఖపట్నం