ముంపు ఊళ్ళకి ఇంకో మ్యాపు కావాలి

ఎడిటర్ గారికి నమస్కారం,

జనం ఫీలింగ్స్‌తో మ్యాపు గీస్తారంటే మావాళ్ళు నవ్వారు గానీ క్రిస్టియన్ నోల్డ్ అనే ఆయన 2004 నుంచి ఆ పనే చేశాడండి, వేళ్ళకి సెన్సార్లు తొడిగి, జీపీఎస్ ఇచ్చి లండన్ గ్రీనిచ్‌లో జనాన్ని నడిపించి, మనసు కదిలి చర్మం మీద చెమటలో తేడా వచ్చిన చోటల్లా మ్యాపులో గుట్టలా ఎత్తుగా చూపించాడు. అది భయమో సంతోషమో మెషిన్‌కి తెలీదు, నడిచినోళ్ళనే అడిగి రాసుకోవాలి, నాకు నచ్చింది అదే.

మన శ్రీశైలం బ్యాక్‌వాటర్ చూడండి, మ్యాపులో అంతా నీలం రంగే, కింద మునిగిన ఊళ్ళు కనపడవు! నీళ్ళు తగ్గి సంగమేశ్వరం గుడి బయటపడితే మాత్రం జనం ఎక్కడెక్కడి నుంచో వస్తారు. కూడవెల్లి గుడిని మునిగిపోకుండా రాయి రాయి విప్పి అలంపూర్‌లో మళ్ళీ కట్టారు, ఊళ్ళని అలా విప్పి కట్టలేం కదా.

2013 భూసేకరణ చట్టంలో సోషల్ ఇంపాక్ట్ స్టడీ ఉంది, సరే, కానీ చివరికి మాట్లాడేది ఎకరాలు, ఇళ్ళు, చెట్ల లెక్కే. పోలవరం ముంపు ఊళ్ళ పెద్దవాళ్ళతో ఒకసారి ఊరంతా నడిచి, ఎక్కడ ఆగారో, ఎక్కడ మాట రాలేదో రాసుకుని మ్యాపు వేయించండి. జియోగ్రఫీ స్టూడెంట్స్‌కి ప్రాజెక్టుగా ఇచ్చినా అయిపోతుంది, పెద్ద ఖర్చేం కాదు.

ఇట్లు,
ఒక పాఠకుడు, కర్నూలు